సీసాలో బెల్లం నీళ్లు పోయకండి

దేవరకొండ వైపు ఒక పల్లె నుంచి ఓ తల్లి రాసిన ఉత్తరం ఇది. పేరు, ఊరు వద్దన్నారు. ఆమె చెప్పుకున్న సంగతులు ముందు క్లుప్తంగా రాస్తాను.

ఆమెకు ఒక్కతే కూతురు, తొమ్మిదో తరగతి. ఏడో తరగతిలో ఉండగా బడిలో ప్రార్థన జరుగుతుంటే కాళ్లూ చేతులూ కొట్టుకుంటూ పడిపోయింది. నెల తిరక్కముందే ఇంకోసారి. పరీక్షలు చేసి మూర్ఛ అన్నారు, రోజూ ఫెనిటాయిన్ గోలీలు వేయమన్నారు. వేశారు. ఏడాదికి పైగా ఫిట్స్ జాడ లేదు. కానీ పిల్ల చిగుళ్లు ఉబ్బి పళ్ల మీదికి దిగాయి. నవ్వొస్తే నోటికి అరచెయ్యి అడ్డం పెట్టుకుంటోంది. చదివింది నిలవడం లేదంటోంది.

పోయిన వినాయక చవితికి పత్రి కోసం గుట్టకు పోయిన అత్తమ్మ ఒడినిండా విష్ణుక్రాంత తెచ్చింది. పూజకు కొంత, మిగతాది పొయ్యి మీదికి. మతిమరుపుకూ మూర్ఛకూ దీన్ని మించిన మందు లేదని పుట్టింట్లో విన్న మాట. అప్పట్నుంచి రోజూ పొద్దున మనవరాలికి గ్లాసెడు కషాయం. చలికాలం వచ్చేసరికి గుట్ట మీద మొక్క ఎండిపోయింది. తల్లి మాట కొట్టెయ్యలేక ఇంటాయన టౌనుకు పోయి శంఖపుష్పి సిరప్ సీసా పట్టుకొచ్చాడు, ఇదీ అదేనని. పూటకు రెండు చెంచాలు. మాఘమాసంలో ఇంటిల్లిపాదీ నల్గొండ దగ్గరి చెరువుగట్టు శివుడి జాతరకు పోయొచ్చారు. తిరిగొచ్చిన మూడోనాడు పిల్ల బడిలో పడిపోయింది. నెల తర్వాత ఇంటి వాకిట్లో. డాక్టరు గోలీల మోతాదు పెంచారు. కషాయం, సీసా సంగతి ఆయనకు ఎవరూ చెప్పలేదు.

చివరి పేజీ ఆమె మాటల్లోనే:

"గోలీల వేడికే మళ్లొచ్చింది, గోలీలు బంద్ పెట్టి చెట్టుమందే ఇద్దాం అంటున్నది అత్తమ్మ. మా ఆయన నాకూ తలూపుతడు, వాళ్లమ్మకూ తలూపుతడు. డాక్టరుకు చెప్తే తిడతడని భయం. అత్తమ్మకు చెప్తే నీ మందు వల్లనే అన్నట్టయితది. నేను పత్తి ఏరబోతే నా బిడ్డను సాకింది ఆమెనే. ఊర్ల తెలిస్తే రేపు పిల్లకు సంబంధాలు రావని ఆమెకు రంది. అందుకే ఎవరికీ చెప్పకుంట సీసాల మందు పారబోసి బెల్లం నీళ్లు పోసి పెడదామనుకుంటున్న. తప్పా?"

అమ్మా, తప్పా ఒప్పా అన్నది తర్వాత చూద్దాం. ముందు ఆ పని చేయకండి. ఇప్పటికే చేసి ఉంటే, ఇది చదవడం ఆపి డాక్టరుకు ఫోన్ చేయండి, మిగతాది సాయంత్రం చదువుకోవచ్చు.

నేను డాక్టర్ని కాను. మందుల దుకాణంలో ఫార్మసిస్టుగా బతుకు గడిపినదాన్ని. ఆ కౌంటర్ దగ్గర రోజూ వినపడే ప్రశ్న ఒకటే: ఈ మందు పనిచేస్తుందా? ఇప్పటికే వేసుకుంటున్న మందును ఇది ఏం చేస్తుంది అని అడిగేవాళ్లు నూటికి ఒకరు. మీ ఇంట్లో అడగాల్సింది ఆ రెండోదే.

1992లో ముంబై వైద్యులు ఒక సంగతి ప్రచురించారు. ఫెనిటాయిన్ వాడుతూ బాగానే ఉన్న ఇద్దరు రోగులకు ఉన్నట్టుండి ఫిట్స్ తిరగబెట్టాయి. రక్తం పరీక్షిస్తే అందులో ఫెనిటాయిన్ తగ్గిపోయి ఉంది. ఆరా తీస్తే ఇద్దరూ శంఖపుష్పి అనే ఆయుర్వేద మందు కూడా తాగుతున్నారు. అప్పుడు ఎలుకల మీద పరీక్షించారు. రోజుల తరబడి రెండూ కలిపి ఇస్తే రక్తంలో ఫెనిటాయిన్ తగ్గింది, ఫిట్స్‌ను ఆపే దాని శక్తీ తగ్గింది. ఆ తయారీలో శంఖపుష్పితో పాటు సరస్వతి ఆకు, జటామాంసి లాంటి మూలికలు మరికొన్ని ఉన్నాయి. మీ ఇంట్లో ఉన్న సీసా అచ్చం అదే అని నేను అనను. లేబుల్ మీద చిన్న అక్షరాల్లో మూలికల జాబితా ఉంటుంది, చూడండి, ఒకటి కాదు చాలా పేర్లు కనిపిస్తాయి.

ఇప్పుడు మీ లెక్కకు వద్దాం. సీసా మందు గోలీల పనిని లోపల్లోపలే తగ్గిస్తూ ఉండి ఉండొచ్చు. డాక్టరుకు ఆ సంగతి తెలియదు కాబట్టి, గోలీలు సరిపోవడం లేదనుకుని మోతాదు పెంచారు. మీరు రహస్యంగా సీసా పారబోశారనుకోండి. పెంచిన మోతాదు అలాగే ఉంటుంది, దాన్ని తగ్గించేది ఉండదు. ఫెనిటాయిన్ స్వభావం కూడా కాస్త మొండిది. మామూలుగా రక్తంలో మిల్లీలీటరుకు 10 నుంచి 20 మైక్రోగ్రాముల మధ్య ఉండాలి. తగ్గితే ఫిట్స్. పెరిగితే కళ్లు ఊగుతాయి, ఒకటి రెండుగా కనిపిస్తుంది, తాగినవాడిలా నడక తూలుతుంది, మాట ముద్దగా వస్తుంది, వాంతులు, మగత. దాన్ని కరిగించే కాలేయానికి చెరువు తూములా ఒక హద్దుంది. అది వదలగలిగినంతే వదులుతుంది, పైనుంచి వచ్చేది కాస్త ఎక్కువైనా మట్టం ఒక్కసారిగా లేస్తుంది. అందుకే ఫెనిటాయిన్‌లో చిన్న తేడా కూడా పెద్దదే.

పిల్ల అలా తూలుతూ నడిస్తే, సీసాలో ఉన్నది బెల్లం నీళ్లని తెలిసినది ఇంట్లో మీరొక్కరే. డాక్టరుకు అర్థం కాదు. అత్తమ్మ మాత్రం చెట్టుమందు ఇస్తూనే ఉన్నాం కదా, ఇది గోలీల పనే అంటుంది. ఆ రోజు ఆమె మాటను కాదనడానికి మీ దగ్గర ఏమీ మిగలదు.

కాబట్టి సీసా పట్టుకుని డాక్టరు దగ్గరికే పోవాలి. వెళ్లేలోపే ఫోన్ చేసి రెండు ప్రశ్నలు అడగండి: సిరప్ ఈ పూట నుంచే ఆపాలా? ఆపితే గోలీల మోతాదు ఏం చేయాలి? ఆయన చెప్పేదాకా గోలీల్లో ఒక్కటి కూడా తగ్గించొద్దు, పెంచొద్దు. వెళ్లినప్పుడు రక్తంలో ఫెనిటాయిన్ ఎంత ఉందో పరీక్ష చేయించవచ్చా అని అడగండి. అన్ని చోట్లా చేయరు, నమూనా హైదరాబాద్ పంపాల్సి రావచ్చు. రక్తం ఎప్పుడు తీయించాలో కనుక్కోండి. మామూలుగా ఆ పూట గోలీ వేసే ముందే తీస్తారు. పొద్దున్నే గోలీ వేసి బస్సెక్కించారంటే ఫలితం తేడాగా వస్తుంది.

తిడతారని భయమన్నారు. తిట్టొచ్చు కూడా. ఒక్క నిమిషం తిడతారు, ఆ తర్వాత చీటీ మీద రాసుకుంటారు. నిజానికి చాలామంది డాక్టర్లు ఈ సంగతి తామే అడగాలి, రద్దీలో అడగరు, తప్పంతా మీది కాదు. నోరు పెగలదనుకుంటే కాగితం మీద రాసివ్వండి: కషాయం ఎప్పుడు మొదలైంది, ఎప్పుడు ఆగింది, సీసా ఎప్పుడు వచ్చింది, ఎంత పోశారు, ఏ రోజు ఫిట్స్ వచ్చాయి. నాకు రాసిన ఉత్తరంలో ఇవన్నీ వరసగా ఉన్నాయి. అంత చక్కగా రాసిన మనిషికి ఇది కష్టమేం కాదు.

మీ వరసలోనే ఒక సంగతి ఉంది, మీరు గమనించినట్టు లేరు. భాద్రపదం నుంచి చలికాలం దాకా గుట్ట మీది విష్ణుక్రాంత కషాయం తాగినన్నాళ్లూ ఫిట్స్ రాలేదు. సీసా వచ్చాకే వచ్చాయి. అంతమాత్రాన సీసాదే నేరమని తీర్పు చెప్పలేను. జాతర కూడా ఉంది మధ్యలో. గట్టు మీద రాత్రంతా జాగారం, తెల్లారగట్ల అగ్నిగుండాలు, ఆ గోలలో ఏ పిల్ల నిద్రపోతుంది? మూర్ఛ ఉన్నవాళ్లకు నిద్ర చెడటం ఒక్కటే చాలు, ఫిట్స్ రావడానికి. ఆ రాత్రి గోలీ గుర్తుపెట్టుకుని వేశారా? మీరు రాయలేదు. ఇంకో మాట: ఏడో తరగతి పిల్ల బరువుకు రాసిన మోతాదు తొమ్మిదో తరగతికి సరిపోకపోవచ్చు. ఈ వయసులో ఒక్క ఏడాదిలో ఎంత ఎదుగుతారో పాత గౌన్లు చూస్తే తెలుస్తుంది. ఈ నాలుగింట్లో ఏది ఎంత అన్నది రక్తపరీక్ష కొంత, డాక్టరు కొంత తేలుస్తారు. మీరూ అత్తమ్మా వాకిట్లో కూర్చుని తేల్చేది కాదు.

మీ అత్తమ్మ మొక్క గురించి కొంచెం చెప్పాలి. ఇంట్లో గొడవకు సగం కారణం, గుట్ట మీది మొక్కా సీసాలో మందూ ఒకటేననుకోవడం.

ఆమె తెచ్చింది విష్ణుక్రాంతే అయితే, చెలకల గట్ల మీద, బండల సందుల్లో, గులకరాళ్ల నేలలో నేలకు అంటుకుని పాకుతుంది. తీగలాగా దేనికీ చుట్టుకోదు. సన్నని కాడలు, వాటి నిండా పట్టులాంటి తెల్లటి నూగు, ఆకులు చిటికెన వేలి గోరంత. నీలం పువ్వు దానికంటే చిన్నది. పొద్దున ఎండ పడగానే విచ్చుకుని మధ్యాహ్నానికి ముడుచుకుంటుంది, అందుకే పత్రికి పోయేవాళ్లు పొద్దున్నే పోతారు. వానలు వెనకబట్టాక పైన అంతా ఎండిపోతుంది, కింద చెక్కలా గట్టిపడిన వేరు మాత్రం బతికే ఉండి మళ్లీ తొలకరికి చిగురిస్తుంది. వినాయకుడి 21 పత్రుల్లో దీనికి చోటుంది. కేరళవాళ్లు పవిత్రంగా చూసే పది మొక్కల్లో, దశపుష్పాల్లో, ఇదొకటి. మూర్ఛకూ మతిమరుపుకూ దీన్ని వాడటం మీ అత్తమ్మ కల్పించింది కాదు, మన వైద్యంలో ఉన్నదే. ఆ మర్యాద ఆమెకు దక్కాలి.

కానీ శంఖపుష్పి అనే పేరు మీద అంగట్లో ఒక మొక్క లేదు. ఆయుర్వేద ఫార్మకోపియాలో, అంటే మందుల ప్రమాణాల పుస్తకంలో, ఆ పేరున ఉన్నది ఇంకో మొక్క, విష్ణుక్రాంతకు దాయాది వరస, తెలుపో లేత గులాబీయో పూస్తుంది. మన దక్షిణాదిన చాలా చోట్ల విష్ణుక్రాంతనే ఆ పేరుతో వాడతారు. కొన్నిచోట్ల కంచెల మీద అల్లుకునే శంఖుపూల తీగను వాడతారు. మీ ఆయన ఇదీ అదే అనడం దుకాణంవాడి మాట నమ్మి. సీసాలోది కషాయం కాదు, చాలా మూలికలు చక్కెర పాకంలో కలిపి చేసిన మందు.

అలా అని గుట్ట మీది కషాయం మళ్లీ పెట్టుకోవచ్చా అంటే, నేను వద్దనే అంటాను. ముంబైలో ఆ శంఖపుష్పి మందు మీద జరిగిన పరీక్షను దానికి అంటగట్టలేం, నిజమే. అయితే ఒక రోజు గుప్పెడు, ఒక రోజు రెండు గుప్పెళ్లు, ఒక రోజు పచ్చిది, ఒక రోజు ఎండుది, ఒక రోజు కాగీ కాగనిది, ఇలా రోజుకో తీరున వెళ్లే మందును ఫెనిటాయిన్ లాంటి ఇరుకు హద్దుల మందు పక్కన పెట్టడం నాకు ఇష్టం లేదు. డాక్టరు ఒప్పుకుంటే అది మీ ఇష్టం. ఆయనకు చెప్పకుండా మాత్రం వద్దు.

ఇక అత్తమ్మ. ముందు ఆమె అన్న ఒక్క మాట గురించి గట్టిగా చెబుతున్నాను: గోలీలు బంద్ పెట్టడం అన్నది అసలు లెక్కలోకి రాకూడదు. ఉన్నట్టుండి ఆపితే ఫిట్ మీద ఫిట్ వచ్చి ఆగకుండా పోయే ప్రమాదం ఉంది, అది ప్రాణం మీదికి తెస్తుంది. మార్చాలన్నా తగ్గించాలన్నా డాక్టరు చేతి మీదుగా, మెల్లమెల్లగా జరగాలి. ఇందులో మాత్రం ఆమె మాటకు తలొగ్గకండి, మీ ఆయన్నూ తలూపనివ్వకండి.

మిగతావాటికి దారులున్నాయి. మీరే ముఖాముఖి చెప్పేయొచ్చు. త్వరగా తేలుతుంది, కానీ ఈ ఇంట్లో ఆ మాట కోడలి నోట వస్తే మందు సంగతి పక్కకుపోయి మర్యాద సంగతి అవుతుంది. మీ ఆయన చెప్పొచ్చు. న్యాయంగా చెప్పాల్సింది ఆయనే, సీసా తెచ్చింది ఆయన. "అమ్మా, నువ్వు పోసినన్నాళ్లు బాగనే ఉండె, నేను తెచ్చిన సీసా తేడా చేసినట్టుంది" అని కొడుకు నోట వస్తే ఆమె గుండె మీద బరువు పడదు. అది అబద్ధం కూడా కాదు. కాకపోతే అలా చెబితే, మరి నా కషాయమే పోస్తా అని ఆమె మళ్లీ గుట్టెక్కే వీలుంది. తొలకరికి ఇంకా రోజులున్నాయి కాబట్టి అది ఈ నెల సమస్య కాదు.

నాకు నచ్చింది ఆమెను కూడా డాక్టరు దగ్గరికి తీసుకుపోవడం. ఆయన ముందు కూర్చోబెట్టి, పిల్లకు పొద్దున ఏమేం ఇస్తారో ఆమెనే చెప్పనివ్వండి. తాను సాకిన పిల్ల గురించి డాక్టరు తననే అడుగుతుంటే ఆ ముసలావిడ ఎలా మారుతుందో మీరే చూస్తారు. ప్రమాదం ఒకటుంది: ఆ డాక్టరు చెట్టుమందుల మాట వినగానే విసుక్కునే మనిషైతే ఆమె ఇంకా బిగుసుకుంటుంది. ఆయన తీరు మీకు తెలుసు, దాన్నిబట్టి తీసుకుపోవాలా వద్దా చూసుకోండి. తీసుకుపోయినా పోకపోయినా, రాత్రి గోలీ వేసే బాధ్యత ఆమెకు అప్పగించి, గోడ మీది క్యాలెండర్‌లో గీత పెట్టమనండి. మనవరాలికి తన చేత్తో ఏదో ఒకటి ఇవ్వాలన్నదే ఆమె తపన.

గోలీల మీద ఆమె కోపంలో అర్థం లేకపోలేదు. చిగుళ్లు ఉబ్బడం ఫెనిటాయిన్ పనే. పిల్లల్లో ఇది బాగా కనిపిస్తుంది. రెండు పూటలా మెత్తటి బ్రష్‌తో తోమితే, పళ్ల డాక్టరుకు చూపిస్తే కొంత తగ్గుతుంది. మందు మార్చితే చాలావరకు తగ్గుతుంది. మార్చమని అడిగే హక్కు మీకుంది, మీరు ఇన్నాళ్లూ అడగలేదంతే. లెవెటిరాసెటమ్ అని ఒకటుంది, చిగుళ్ల జోలికి పోదు, కానీ కొందరు పిల్లలు దాంతో చిరచిరలాడతారు, ఇంట్లో అందరికీ ఓపిక కావాలి. వాల్‌ప్రోయేట్ అని ఇంకోటుంది, మంచి మందే, కానీ గర్భంలో బిడ్డకు చేటు చేస్తుంది కాబట్టి ఆడపిల్లలకు అది రాయడానికి వెనకాడతారు. మార్చే వారాల్లో ఫిట్స్ మళ్లీ వచ్చే వీలు ఉంటుంది, పరీక్షల ముందు మార్చాలా సెలవుల్లో మార్చాలా అన్నది డాక్టరుతో మాట్లాడుకోండి. నేనైతే సెలవులంటాను.

చదివింది నిలవకపోవడానికీ మందు మగత ఒక కారణం కావచ్చు. ఇంకో కారణం కూడా కావచ్చు. మీ ఉత్తరంలో అత్తమ్మ మాట ఉంది, మీ ఆయన తల ఊపడం ఉంది, మీ భయం ఉంది. పిల్ల మాట ఒక్కటే ఉంది, అదీ చదువు గురించి. తరగతి మొత్తం ముందు పడిపోయి లేచిన పదిహేనేళ్ల పిల్లకు పాఠం కంటే చుట్టూ ఉన్న చూపులే ఎక్కువ గుర్తుంటాయి. రాత్రి పక్కన పడుకున్నప్పుడు అడగండి, కషాయం తాగడం ఇష్టమేనా, గోలీ వేసుకున్నాక ఎలా ఉంటోంది, బడిలో ఎవరైనా ఏమైనా అంటున్నారా అని. డాక్టరుకు చూపించే కాగితంలో ఆమె చెప్పినవీ రాయండి.

సంబంధాల రంది గురించి ఒక్క మాట. ఒకప్పుడు హిందూ వివాహ చట్టంలో మూర్ఛ పెళ్లికి అడ్డంకిగా రాసి ఉండేది. 1999లో సవరణ చేసి ఆ మాట తీసేశారు. చట్టం మారినంత తొందరగా ఊరు మారదు, నాకు తెలుసు. కానీ దాచిపెట్టి చేసిన పెళ్లిళ్లలో గోలీలు దొంగచాటుగా వేసుకోవాల్సి వచ్చి, ఒక్కోరోజు తప్పి, పడిపోయిన ఆడపిల్లలు నా కౌంటర్ దగ్గరికి వచ్చారు. ఇంకా తొమ్మిదో తరగతే కదా. ఆ మాట అత్తమ్మతో ఇప్పుడు ఎత్తకపోయినా నష్టం లేదు.

బడిలో మాత్రం ఇప్పుడే చెప్పాలి, కనీసం క్లాస్ టీచరుకు, పక్కన కూర్చునే స్నేహితురాలికి. పడిపోతే పక్కకు తిప్పి పడుకోబెట్టాలి, తల కింద మెత్తటిది ఏదైనా పెట్టాలి, గడియారం చూసుకోవాలి. చేతిలో తాళంచెవులు, ముక్కు దగ్గర ఉల్లిగడ్డ, పళ్ల మధ్య చెంచా, ఇవేవీ వద్దు. చెంచా పెడితే పళ్లు విరుగుతాయి. అయిదు నిమిషాలు దాటినా, తెలివి రాకుండానే రెండోసారి వచ్చినా 108కి ఫోన్ చేయాలి. ఈ మందుల లెక్క కుదుటపడేదాకా పిల్లను బావి దగ్గరికి, చెరువుకు ఒంటరిగా పంపొద్దు, పొయ్యి దగ్గర ఒక్కదాన్నే వదలొద్దు.

రక్తపరీక్ష ఫలితం వచ్చాక వీలైతే నాకు రాయండి. సీసా లేబుల్ ఫొటో కూడా పెట్టండి, అందులో ఏమేం ఉన్నాయో చూసి చెబుతాను.